బ్యాండు ప్రయాణం – పిల్లల నిద్ర

ఆగస్టు 15, జనవరి 26 దగ్గర పడితే చాలు, హాస్టళ్లలో, స్కూళ్లలో బ్యాండు ప్రాక్టీసు జోరందుకుంటుంది. అడుగు కలిసిందా, డ్రమ్ము దెబ్బ కలిసిందా అని అందరూ చూస్తారు. పిల్లవాడు ఎన్ని గంటలు నిద్రపోయాడో మాత్రం ఎవరూ అడగరు. గ్రౌండులో కళ్లు తిరిగి పడిపోవడానికి ఎండ ఒక్కటే కారణం కాదు. నిద్ర లేకపోవడం, ఖాళీ కడుపు, నీళ్లు తాగకపోవడం కూడా కారణాలే.

13 నుంచి 18 ఏళ్ల వారికి రోజుకు 8 నుంచి 10 గంటల నిద్ర అవసరమని వైద్యులు చెబుతారు. మన శరీరంలో ఒక గడియారం ఉంది. అది పనిచేసే తీరు కనుగొన్నందుకే 2017లో ముగ్గురు శాస్త్రవేత్తలకు నోబెల్ బహుమతి వచ్చింది. ఈ వయసులో ఆ గడియారం కొంచెం ఆలస్యంగా నడుస్తుంది. అందుకే రాత్రి తొందరగా నిద్ర పట్టదు, తెల్లవారుజామున మెలకువ రాదు. అది సోమరితనం కాదు.

2014 ఆగస్టు 15న రాష్ట్ర స్వాతంత్ర్య దినోత్సవం మన కర్నూలులోనే జరిగింది. అంత దగ్గరికి వెళ్లాలన్నా డోన్ నుంచి చీకటితోనే బయలుదేరాలి. విజయవాడ అయితే నంద్యాల, గుంటూరు మీదుగా రాత్రంతా రైలు ప్రయాణమే. కాబట్టి ఈ జాగ్రత్తలు పాటించాలి.

1. బూట్ల పాలిష్, డ్రెస్సు ఇస్త్రీ, డ్రమ్ముల సర్దుడు ముందురోజు సాయంత్రానికే ముగించాలి. మూడు రోజుల ముందు నుంచే అరగంట తొందరగా పడుకోవాలి.

2. రైల్లో రాత్రి 10 తర్వాత పాటలు, సెల్‌ఫోన్లు ఆపాలి. బోగీ తలుపు దగ్గర ఎవరినీ కూర్చోనివ్వకూడదు. కునుకు పడితే ప్రాణం పోతుంది. వెంట వచ్చిన సార్లు వంతులవారీగా మేలుకోవాలి.

3. వ్యానులో వెళ్తే డ్రైవరు నిద్రపోయాడో లేదో ముందు కనుక్కోవాలి. 44వ నంబరు జాతీయ రహదారి మీద రాత్రిపూట ఒక్క క్షణం రెప్ప వాలినా చాలు, ప్రమాదమే.

4. టీ నిద్రను పోగొట్టదు, కాసేపు దాచిపెడుతుంది అంతే. దిగాక 20 నిమిషాల కునుకు అంతకంటే మేలు. తర్వాత ఉగ్గాని అయినా, ఇడ్లీ అయినా కడుపులో పడాలి.

5. అటెన్షన్‌లో మోకాళ్లు బిగబట్టి నిలబడితే రక్తం కాళ్లలోనే నిలిచిపోయి మెదడుకు తగ్గుతుంది. బూటు లోపల వేళ్లు కదిలిస్తూ ఉండాలి. ఎవరైనా పడిపోతే నీడలో పడుకోబెట్టి కాళ్లు ఎత్తి పెట్టాలి. స్పృహ వచ్చేవరకు నోట్లో నీళ్లు పోయకూడదు. స్పృహ వెంటనే రాకపోతే ఆలస్యం చేయక 108కి ఫోన్ చేయాలి.

తమ్ముళ్లూ, మన పిల్లలు అలసట చెప్పుకోరు. చెబితే బ్యాండులోంచి తీసేస్తారని భయం. తల తిరుగుతోందని చెప్పిన పిల్లవాడిని ఆ రోజుకు కూర్చోబెట్టండి, మరుసటి ప్రాక్టీసుకు మళ్లీ పిలవండి. అప్పుడే తక్కినవాళ్లూ ధైర్యంగా నోరు విప్పుతారు. బ్యాండుకు డ్రమ్ము ఎంత ముఖ్యమో, దాన్ని మోసే పిల్లవాడి నిద్ర అంతకంటే ముఖ్యం.