మన ఊరి చుట్టూ గీత ఎవరు గీస్తారు?

పోయిన సెలవులకి ఇంటికెళ్ళినప్పుడు ఓటు కోసం ఫారం 6 నింపడానికి కూర్చున్నాను. 2024 ఎన్నికలప్పటికి నాకు పద్దెనిమిది నిండలేదు, కాబట్టి ఇదే మొదటిసారి. పేరు, పుట్టిన తేదీ అన్నీ అయ్యాయి. జిల్లా దగ్గర ఆగిపోయాను. నా ఆధార్ కార్డులో గుంటూరు జిల్లా అని ఉంది. ఇప్పుడు మాది పల్నాడు జిల్లా. ఇల్లు మాత్రం అదే. విజయపురి సౌత్, సాగర్ డ్యామ్‌కి కుడి పక్క, నాగార్జునకొండకి లాంచీలు బయల్దేరే ఊరు.

"మనం ఎక్కడికీ పోలేదు కదా తాతయ్యా, జిల్లా ఎట్లా మారింది?" అన్నాను.

"మనం పోనక్కర్లేదురా, గీత జరిగితే చాలు" అన్నాడు.

ఆ గీత సంగతేంటో చూద్దామని కూర్చుంటే, అది జిల్లా కోసం గీసిన గీతే కాదని తెలిసింది. 2022 ఏప్రిల్ 4న రాష్ట్రంలో 13 జిల్లాలు 26 అయ్యాయి. ఒక్కో లోక్‌సభ నియోజకవర్గాన్ని ఒక్కో జిల్లా చేయాలన్నది అప్పటి ఆలోచన. అరకు చాలా పెద్దది కాబట్టి దాన్ని రెండు చేశారు. అలా నరసరావుపేట లోక్‌సభ నియోజకవర్గంలో ఉన్న ఏడు అసెంబ్లీ స్థానాలు, అంటే మాచర్ల, గురజాల, వినుకొండ, నరసరావుపేట, చిలకలూరిపేట, సత్తెనపల్లి, పెదకూరపాడు కలిసి పల్నాడు జిల్లా అయ్యాయి. ఆ ఏడింటినీ ఒక గుంపుగా కట్టింది 2008లో వచ్చిన నియోజకవర్గాల పునర్విభజన. ఓట్ల కోసం గీసిన గీత పద్నాలుగేళ్ళ తర్వాత మా కలెక్టరాఫీసు ఎక్కడుండాలో కూడా తేల్చేసిందన్నమాట.

అసలు పునర్విభజన ఎందుకు? లెక్క సింపుల్. ఒక ఎమ్మెల్యే వెనక రెండు లక్షల మంది, ఇంకో ఎమ్మెల్యే వెనక ఐదు లక్షల మంది ఉంటే, రెండో చోట ఒక్కో ఓటు విలువ తగ్గినట్టే. అందుకే జనాభా లెక్కలు చూసి హద్దులు సర్దుతారు. 2002 చట్టం కింద జస్టిస్ కుల్దీప్ సింగ్ అధ్యక్షుడుగా వేసిన కమిషన్ 2001 జనాభా లెక్కలు తీసుకుంది. అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ జనాభా 7.62 కోట్లు, అసెంబ్లీ సీట్లు 294. భాగిస్తే ఒక్కో సీటుకి దాదాపు 2.59 లక్షలు. గుంటూరు జిల్లా జనాభా 44.65 లక్షలు. దాన్ని 2.59తో భాగించండి, 17.2 వస్తుంది. అప్పటిదాకా జిల్లాలో ఉన్నవి 19 సీట్లు, కొత్తగా వచ్చినవి 17. అదే లెక్కతో హైదరాబాద్ చుట్టూ ఉన్న రంగారెడ్డి జిల్లాకి 14 సీట్లు వచ్చాయి. జనం పట్నం పోతే సీట్లు కూడా వాళ్ళ వెనకే పోయాయి.

గుంటూరు జిల్లాలో పోయిన రెండు పేర్లు దుగ్గిరాల, కూచినపూడి. పసుపు మార్కెట్‌కి పేరున్న దుగ్గిరాల ఒకప్పుడు ఒక నియోజకవర్గానికే పేరు. ఇప్పుడు మంగళగిరి నియోజకవర్గంలో ఉన్న మూడు మండలాల్లో ఒకటి. అక్కడి పసుపు రైతు ఓటు పోలేదు. కానీ ఆ ఓటు ఇప్పుడు మంగళగిరి, తాడేపల్లి పట్టణాల ఓట్లతో కలిసి లెక్కలోకి వస్తుంది. ఎమ్మెల్యే ముందు ఎవరి మాట వినాలన్న లెక్క అక్కడే మారుతుంది.

ఇది ఎంత మారుతుందో చిన్న ప్రాబ్లమ్‌గా చూద్దాం. 15 మంది ఓటర్లు, ఐదుగురికి ఒకటి చొప్పున మూడు సీట్లు. వాళ్ళలో ఆరుగురికి కాలువ చివరి భూములున్నాయి, నీళ్ళే వాళ్ళ సమస్య. మిగతా తొమ్మిది మందికి వేరే సమస్యలు. ఆ ఆరుగుర్ని 3, 3, 0గా పంచితే వాళ్ళకి రెండు సీట్లు. 5, 1, 0గా పంచితే ఒక్కటే. 2, 2, 2గా పంచితే ఒక్కటీ రాదు. మనుషులు అదే, ఓట్లు అవే, గీత మాత్రమే మారింది. దీన్ని కావాలని చేస్తే అమెరికాలో జెర్రీమాండరింగ్ అంటారు. 1812లో మసాచుసెట్స్ గవర్నర్ ఎల్‌బ్రిడ్జ్ జెర్రీ సంతకం పెట్టిన మ్యాప్‌లో ఒక జిల్లా సాలమాండర్ అనే బల్లిలాంటి జంతువులా ఉందని ఆ పేరొచ్చింది.

మన దగ్గర గీసేది పార్టీలు కాదు, కమిషన్. ఎంపీలు, ఎమ్మెల్యేలు కొందరు అందులో సభ్యులుగా కూర్చుంటారు గానీ వాళ్ళకి ఓటు హక్కు ఉండదు. అయినా ఎవరూ కుట్ర చేయకపోయినా గీత వల్ల తేడాలొస్తాయి. మా జిల్లానే చూడండి. 2008 తర్వాత పాత గుంటూరు జిల్లాలో ఎస్సీ రిజర్వుడు స్థానాలు మూడు: తాడికొండ, ప్రత్తిపాడు, వేమూరు. 2022లో మొదటి రెండూ కొత్త గుంటూరు జిల్లాలో ఉండిపోయాయి, వేమూరు బాపట్లకి వెళ్ళింది. పల్నాడులో ఏడుకి ఏడూ జనరల్ సీట్లే. ఒక పని కోసం రాసిన కోడ్‌ని ఇంకో ప్రోగ్రామ్‌లో కాపీ పేస్ట్ చేస్తే ఏమవుతుందో మనకి తెలుసు కదా, ఇదీ అంతే.

డ్యామ్ అవతల హిల్ కాలనీలో మా అత్తయ్య వాళ్ళుంటారు. వాళ్ళ నియోజకవర్గం 2009కి ముందు చలకుర్తి, ఇప్పుడు నాగార్జునసాగర్. మిర్యాలగూడ లోక్‌సభ స్థానం కూడా అప్పుడే రద్దయింది. అత్తయ్య ఇప్పటికీ చలకుర్తి అనే అంటుంది.

ఇదంతా పాత కథ అనుకోకండి. ఏ రాష్ట్రానికి ఎన్ని లోక్‌సభ సీట్లు అన్నది 1971 జనాభా లెక్కల దగ్గరే ఆగిపోయి ఉంది. 1976లో 42వ సవరణ దాన్ని ఆపింది, కుటుంబ నియంత్రణ బాగా పాటించిన రాష్ట్రాలు సీట్లు పోగొట్టుకోకూడదని. 2001లో పార్లమెంటు ఆమోదించిన 84వ సవరణ ఆ గడువుని 2026 తర్వాత జరిగే మొదటి జనాభా లెక్కల దాకా పొడిగించింది. దక్షిణాది రాష్ట్రాల భయం ఇక్కడే. మన జనాభా తక్కువగా పెరిగింది కాబట్టి, జనాభా ఒక్కటే చూస్తే ఢిల్లీలో మన వాటా తగ్గుతుంది. రాష్ట్రంలో అసెంబ్లీ సీట్లని 175 నుంచి 225కి పెంచాలని 2014 విభజన చట్టంలో ఉన్నా, రాజ్యాంగంలోని 170వ అధికరణానికి లోబడి అని కూడా అందులోనే ఉంది. దాన్ని వెంటనే అమలు చేయాలన్న పిటిషన్‌ని సుప్రీంకోర్టు 2025 జులైలో కొట్టేసింది.

మరి మనం చేయగలిగింది ఏంటి? గీత గీసే పనిలో మామూలు జనం నోరు తెరవగలిగే సమయం ఒకటుంది. కమిషన్ ముందు ముసాయిదా ప్రకటిస్తుంది, అభ్యంతరాలు తీసుకుంటుంది, బహిరంగ విచారణలు పెడుతుంది. తుది ఉత్తర్వు గెజిట్‌లో వచ్చాక చట్టంతో సమానం. 329వ అధికరణం వల్ల కోర్టుకెళ్ళి మార్పించడం చాలా కష్టం. పోలింగ్ రోజు వేలికి ఇంకు వేయించుకోవడం మనం మర్చిపోం, స్టేటస్ కూడా పెడతాం. ముసాయిదా వచ్చిన రోజు మాత్రం ఎవరికీ తెలియకుండా పోతుంది. ఈసారి వచ్చినప్పుడు మీ మండలం ఏ మండలాలతో కలిసిందో ఒక్క పది నిమిషాలు చూడండి. రోడ్డు, కాలువ, మార్కెట్ ఎటు ఉన్నాయో ఆ ఊళ్ళో పుట్టిన మనకి తెలిసినంతగా మ్యాప్‌కి తెలియదు. తేడాగా ఉంటే ఒక పేజీ అభ్యంతరం రాయండి. అసైన్‌మెంట్ కంటే చిన్నదే.

నేను ఫారం నింపేశాను. జిల్లా పల్నాడు, నియోజకవర్గం మాచర్ల అని రాశాను. నా మొదటి ఓటు నాటికి ఆ రెండూ అలాగే ఉంటాయో లేదో తాతయ్య, నేను పందెం వేసుకున్నాం.