పాదిరి గారి ఇంటి డాలు

మీకు తెలుసా? అమెరికా రాజధాని వాషింగ్టన్ నగరానికి సొంత జెండా ఒకటి ఉంది. తెల్లటి గుడ్డ మీద రెండు ఎర్రటి అడ్డపట్టీలు, వాటి పైన మూడు ఎర్రటి నక్షత్రాలు. నగరం దాన్ని 1938లో తీసుకుంది. ఆ గుర్తు మాత్రం ఇంగ్లండులో ఒక పల్లెటూరి పాదిరి ఇంటిది.

ఆయన పేరు లారెన్స్ వాషింగ్టన్. జార్జి వాషింగ్టన్‌కు ముత్తాత తండ్రి. ఆక్స్‌ఫర్డ్‌లో చదువుకుని, అక్కడే బ్రేజ్‌నోస్ కాలేజీలో ఫెలోగా ఉండి, 1633లో ఎసెక్స్‌లోని పర్లీ చర్చికి రెక్టరుగా వచ్చాడు. పదేళ్లు తిరక్కుండానే రాజుకూ పార్లమెంటుకూ యుద్ధం మొదలైంది. రాజు పక్షాన ఉన్న పాదిర్లను ఏరివేసే ఆ రోజుల్లో, 1643లో, మద్యం దుకాణాల వెంట తిరుగుతాడని నింద వేసి ఆయన్నీ వెళ్లగొట్టారు. ఆయన్ని ఎరిగిన ఒక మేజిస్ట్రేటు మాత్రం అణకువగల మనిషనీ, నిగ్రహం ఉన్నవాడనీ సాక్ష్యం చెప్పాడు. నింద రాసింది యుద్ధంలో ఎదుటిపక్షం వాళ్లు. అందుకే నాకు మేజిస్ట్రేటు మాటే నమ్మాలనిపిస్తుంది. ఆ తర్వాత లిటిల్ బ్రాక్‌స్టెడ్ అనే బీద చర్చిలో రోజులు నెట్టుకొచ్చాడు. 1653 జనవరిలో మాల్డన్ పట్టణంలోని ఆల్ సెయింట్స్ చర్చి ఆవరణలో ఆయన్ని సమాధి చేశారు.

ఆ ఇంటి గుర్తు చూడాలంటే ఆయన తండ్రి సమాధి దగ్గరికి వెళ్లాలి. అది నార్తాంప్టన్‌షైర్‌లోని గ్రేట్ బ్రింగ్టన్ చర్చిలో ఉంది. యువరాణి డయానా పుట్టింటివారైన స్పెన్సర్ల ఘనమైన సమాధులున్న చర్చి కూడా అదే. తండ్రి పేరూ లారెన్సే; 1616లో పోయాడు. ఆ రాతిపలక మీద చెక్కిన డాలును నిలువునా రెండు సగాలు చేశారు. మనం చూసేటప్పుడు ఎడమ సగం భర్తది: పట్టీలు, నక్షత్రాలు. కుడి సగం భార్య మార్గరెట్ పుట్టింటిది: బట్లర్ల మూతపాత్రలు. చదవనక్కర లేకుండానే ఏ ఇంటి అబ్బాయికి ఏ ఇంటి అమ్మాయినిచ్చారో డాలు చెప్పేస్తుంది. కింద అక్షరాల్లో సంతానం లెక్క కూడా చెక్కారు: ఎనిమిది మంది కొడుకులు, తొమ్మిది మంది కూతుళ్లు! మన పాదిరి ఆ పదిహేడుగురిలో ఒకడు.

తండ్రి ఉద్యోగం ఊడిన ఇంట్లో పెరిగిన పాదిరి గారి కొడుకు జాన్, పొగాకు వ్యాపారం చేసే ఓడెక్కి వర్జీనియా చేరాడు. 1657లో ఆ ఓడ పొటోమాక్ నదిలో ఇసుకమేటకు తట్టుకుంది. జాన్ అక్కడే పెళ్లి చేసుకుని స్థిరపడ్డాడు. ఆయన మునిమనవడే జార్జి.

జార్జి ఆ డాలును తన ముద్ర మీదా, పుస్తకాలకు అంటించే చీటీల మీదా వాడుకున్నాడు. కానీ ఇంగ్లండులో తన పూర్వీకులెవరో ఆయనకు సరిగ్గా తెలియదు. ఇలాంటి వంశ చిహ్నాల వ్యవహారం చూసే లండన్ అధికారి ఐజాక్ హెర్డ్ వంశవృక్షం అడిగితే, ఈ విషయం తానెప్పుడూ అంతగా పట్టించుకోలేదని 1792లో జవాబు రాశాడు. ముడి విప్పింది హెన్రీ వాటర్స్ అనే అమెరికన్ పరిశోధకుడు. పాత వీలునామాలు వెతికి, జాన్ తండ్రి పర్లీ పాదిరేనని 1889లో తేల్చాడు.

ఆ తర్వాతే మాల్డన్ చర్చిలో పాదిరి గారి స్మృతికి రంగుటద్దాల కిటికీ వెలిసింది. 1928లో దాన్ని కానుకగా ఇచ్చినవారు మసాచుసెట్స్‌లోని మాల్డెన్ పట్టణవాసులు. వాళ్ల ఊరికి ఆ పేరు వచ్చింది ఈ మాల్డన్ నుంచే.