మొదటి ఆర్డరు కాగితం

“మేడమ్, పదేళ్లు దాటితే పర్మినెంటు చెయ్యాల్సిందేనట కదా?” సీతంపేట చుట్టుపక్కల ఆశ్రమ పాఠశాలల్లో పనిచేసే సీఆర్టీలం ఇద్దరం కలిసినా ఈ మాట రాకుండా ఉండదు. సోమవారం సంతలో బేరమాడుతూ కూడా అడుగుతారు. సీఆర్టీ అంటే కాంట్రాక్టు రెసిడెన్షియల్ టీచరు. రెగ్యులర్ టీచరు చెప్పే పాఠాలే మేమూ చెబుతాం. అర్ధరాత్రి పిల్లకు జ్వరమొస్తే ఆసుపత్రికి ఎత్తుకెళతాం. మా ఆశలో అన్యాయమేమీ లేదు. కానీ చట్టం ఆ ప్రశ్నకు ‘అవును’ అనదు.

పదేళ్ల మాట పుట్టింది ఉమాదేవి కేసులో. కర్ణాటక నుంచి వచ్చిన ఆ కేసులో 2006 ఏప్రిల్ 10న సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తీర్పు చెప్పింది. సర్కారు కొలువులో అందరికీ సమాన అవకాశం ఉండాలని రాజ్యాంగం 14, 16 అధికరణాలు చెబుతున్నాయి. అందుకని తాత్కాలికంగా చేరినవాళ్లకు ఎన్నేళ్లు పనిచేసినా, పనిచేసినంత మాత్రాన పర్మినెంటు హక్కు రాదంది. అయితే మంజూరైన ఖాళీ పోస్టులో, తగిన అర్హతలతో, కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా అప్పటికే పదేళ్లు నిండినవాళ్ల సంగతి ఒక్కసారికి పరిశీలించమంది. ఆ తర్వాత చేరినవాళ్లు ఆ పదేళ్లనే పట్టుకుని కోర్టుకెళితే నిలబడడం కష్టం.

మన ఆంధ్రప్రదేశ్‌లో 2023లో కాంట్రాక్టు ఉద్యోగుల క్రమబద్ధీకరణకు ప్రత్యేక చట్టం చేశారు. అందులో గీత 2014 జూన్ 2. అంతకుముందు చేరి, కొనసాగుతున్న కాంట్రాక్టు వాళ్లకే అది. అవుట్‌సోర్సింగ్ వాళ్లు దాని పరిధిలో లేరు. ఒకే వంటగదిలో అన్నం తిని, ఒకే వరండాలో పాఠం చెప్పే ఇద్దరిలో ఒకరు గీతకు ఇవతల, ఒకరు అవతల. నాకు ఇది సబబుగా తోచదు.

అందుకే నన్ను అడిగినవాళ్లకు మీ మొదటి ఆర్డరు పట్టుకురండి అంటాను. మొన్న ఒక చెల్లి ప్లాస్టిక్ కవరులో తెచ్చింది. మడతల దగ్గర చిరిగిపోయి ఉంది, సీలు వానకు తడిసి చెరిగింది. ‘పూర్తిగా తాత్కాలికం’ అన్న వాక్యం దగ్గరే ఆమె కళ్లు ఆగిపోయాయి. నేను పైనున్న ‘రిఫరెన్సు’ వరసలు చదివాను. నోటిఫికేషన్ నంబరు ఉంది. మెరిట్ జాబితా ప్రస్తావన, రోస్టరు పాయింటు ఉన్నాయి. ఆమెకు బలం అక్కడుంది. నియామకంలో చిన్న లోపముంటే కోర్టు దాన్ని సరిదిద్దదగినదిగా చూస్తుంది. అసలు పోస్టే లేకుండా, ప్రకటనే లేకుండా తీసుకుంటే చట్టవిరుద్ధమంటుంది.

పర్మినెంటు కాకపోయినా దక్కవలసినవి ఉన్నాయి, వాటిని మనవాళ్లు అడగడమే లేదు. రెగ్యులర్ ఉద్యోగి చేసే పనే చేసే తాత్కాలిక ఉద్యోగికి ఆ పోస్టు కనీస మూలవేతనం ఇవ్వాలని 2016 అక్టోబరు 26న జగ్‌జీత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ప్రసూతి సెలవు ప్రయోజనం కాంట్రాక్టు గడువు దాటినా ఆగదని 2023లో మరో తీర్పు చెప్పింది.

వేసవి సంగతి మరీ బాధాకరం. చాలాచోట్ల బడి మూయగానే ఆర్డరు ముగుస్తుంది, బడి తెరిచాక కొత్తది ఇస్తారు. నడుమ జీతముండదు, సర్వీసు తెగిందంటారు. ఇది కొత్త ఎత్తు కాదు. హర్యానాలో తాత్కాలిక టీచర్లను ఇలాగే సెలవులకు ముందు తీసేసి మళ్లీ పెట్టుకుంటుంటే, 1985లోనే రతన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు గట్టిగా తప్పుపట్టి, వేసవి జీతం ఇవ్వమంది. నలభై ఏళ్లు దాటిన ఆ తీర్పు మా స్టాఫ్ రూముల్లో ఎంతమందికి తెలుసు?

మన్యంలో ఇంకో దెబ్బా ఉంది. ఏజెన్సీ టీచరు పోస్టులన్నీ స్థానిక గిరిజనులకేనన్న 2000 నాటి జీవో 3ను 2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు కొట్టేసింది. అప్పటికే చేరినవాళ్లను షరతుతో ఉంచింది. కొత్తగా బీఈడీ చేసిన సవర, జాతాపు పిల్లలకు పర్మినెంటు దారి ఇరుకైంది.

ఈ మధ్య గాలి కొంత మారింది. ఫరీదాబాద్‌లో కేంద్ర జలసంఘం ఆఫీసు ఊడ్చి, తోటపని చేసి, 2018లో గెంటివేతకు గురైన జగ్గో తదితరులను తిరిగి తీసుకుని పర్మినెంటు చేయాలని 2024 డిసెంబరు 20న సుప్రీంకోర్టు ఆదేశించింది. పని ఏళ్ల తరబడి ఉండేదైతే ‘తాత్కాలికం’ అన్న పేరు చూసి తేల్చెయ్యకూడదంది. ఉమాదేవి తీర్పును సాకుగా వాడుకోవద్దంది. అమెరికాలో మైక్రోసాఫ్ట్ తాత్కాలిక ఉద్యోగుల కేసునూ ప్రస్తావించింది. అయితే ఇది ఇద్దరు న్యాయమూర్తుల తీర్పు, ఐదుగురి తీర్పును చెరిపెయ్యదు. కాగితాలు బలంగా ఉన్నవారికే అక్కరకొస్తుంది.

లేని కాగితాలు రాబట్టుకోవచ్చు. సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టి మంజూరైన పోస్టులెన్ని, ఖాళీలెన్ని, మీ నోటిఫికేషన్, మెరిట్ జాబితా, రోస్టరు రిజిస్టరు నకళ్లు అడగండి. 30 రోజుల్లో జవాబివ్వాలి, ఇవ్వకపోతే అప్పీలు ఉంది. రెన్యువల్ ఆర్డర్లు, హాజరు పట్టీ, జీతం పడ్డ బ్యాంకు పాసుబుక్కు వరసగా పెట్టుకోండి. ప్రభుత్వోద్యోగుల కేసులు వినే రాష్ట్ర ట్రిబ్యునల్ రద్దయింది కాబట్టి కేసు వెయ్యాల్సింది అమరావతి హైకోర్టులో. వకీలు ఫీజుకు భయపడి ఆగిపోతున్నారు చాలామంది. 1987 న్యాయసేవల చట్టం ప్రకారం ఎస్టీలకు, ఏ కులం ఆడవాళ్లకైనా ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును పెట్టాలి. పాలకొండ కోర్టులోని న్యాయసేవల కమిటీకి అర్జీ ఇవ్వొచ్చు, న్యాయసేవల హెల్ప్‌లైన్ 15100కు ఫోను చెయ్యొచ్చు.