ఊరి రేడియోకు యజమాని ఎవరు?

2024 ఆగస్టులో కేంద్ర మంత్రివర్గం 234 కొత్త నగరాల్లో 730 ప్రైవేటు ఎఫ్.ఎం. ఛానళ్లను వేలం వేయడానికి ఆమోదం తెలిపింది. అందులో ఆంధ్రప్రదేశ్‌కు 22 పట్టణాల్లో 68, తెలంగాణకు 10 పట్టణాల్లో 31 ఛానళ్లు వచ్చాయి. ఒంగోలు, ఏలూరు, కాకినాడ, మచిలీపట్నం, ఆదోని, మదనపల్లె, కరీంనగర్, ఖమ్మం, నిజామాబాద్, సూర్యాపేట ఆ జాబితాలో ఉన్నాయి. మాతృభాషలో స్థానిక కార్యక్రమాలు పెరగాలన్నదే ఉద్దేశమని ప్రభుత్వం చెప్పింది. మంచి మాటే. తెలుగులో, మన యాసలో మాట్లాడే గొంతు ఒకటి మన ఊళ్లో వినిపిస్తుందంటే ఎవరు కాదంటారు?

అయితే ఆ గొంతు ఎవరిది, దానికి ఏం మాట్లాడే అనుమతి ఉంది అనే రెండు ప్రశ్నలు మిగిలే ఉన్నాయి. "మన సంఘాలన్నీ కలిసి ఒక ఎఫ్.ఎం. స్టేషను పెట్టుకోకూడదా?" అని పాఠకులు అడుగుతుంటారు. ఆ ప్రశ్నకు జవాబు కూడా ఈ రెండింటిలోనే ఉంది. అందుకే కొంచెం వివరంగా చెప్పాలనుకుంటున్నాం.

ముందు తరంగాల సంగతి. బ్రిటిషువారు 1885లో చేసిన టెలిగ్రాఫ్ చట్టం ఈ దేశంలో తంతి, ఆ తర్వాత వచ్చిన నిస్తంత్రి ప్రసారం మొత్తాన్నీ ప్రభుత్వానికే ప్రత్యేక హక్కుగా కట్టబెట్టింది. స్వాతంత్ర్యం వచ్చాక కూడా ఆ ఏర్పాటు మారలేదు. విజయవాడలో 1948 డిసెంబరు 1న ఆకాశవాణి కేంద్రం మొదలైంది. హైదరాబాదులో నిజాం కాలపు దక్కన్ రేడియో 1950లో ఆకాశవాణిలో కలిసిపోయింది. దాదాపు అర్ధ శతాబ్దం పాటు రేడియో అంటే ఆకాశవాణే.

1995 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఈ లెక్క మార్చింది. క్రికెట్ మ్యాచ్‌ల ప్రసార హక్కుల మీద బెంగాల్ క్రికెట్ సంఘానికీ కేంద్ర ప్రభుత్వానికీ నడిచిన వ్యాజ్యం అది. తరంగాలు ప్రజల ఆస్తి అని, వాటిని ప్రజాహితం కోసం ఒక స్వతంత్ర ప్రజాసంస్థ అదుపు చేయాలని కోర్టు తేల్చింది. మన తెలుగువారైన జస్టిస్ బి.పి. జీవన్‌రెడ్డి ఆ కేసులో విడిగా తీర్పు రాశారు. ప్రసారంలో ప్రభుత్వ గుత్తాధిపత్యం ఎంత చేటో ప్రైవేటువారి గుత్తాధిపత్యమూ అంతే చేటని ఆయన అందులో హెచ్చరించారు. ఆ హెచ్చరికను పాఠకులు గుర్తు పెట్టుకోవాలి, ఎందుకంటే విధానాలు రాసినవాళ్లు దాన్ని గుర్తు పెట్టుకున్నట్లు కనిపించదు.

మన పల్లెల్లో చెరువు ఊరందరిదీ. చేపల హక్కు మాత్రం ఏటా పాట పెడతారు, ఎక్కువకు పాడినవాడు పట్టుకుంటాడు. ప్రైవేటు ఎఫ్.ఎం. కూడా అచ్చం ఇలాంటి పాటే. తరంగం ప్రజలది, దాన్ని వాడుకునే హక్కు కొన్నేళ్లపాటు పాట పాడుకున్నవారిది. పాడుకున్నవాడు చెరువు గట్టుకు కంచె వేసి ఊరివాళ్లను నీళ్లు ముట్టనివ్వకపోతే ఎలా? తరంగాల నియంత్రణ అనే పెద్ద మాట వెనుక ఉన్నది ఈ చిన్న ప్రశ్నే.

మొదటి పాట 2000లో జరిగింది. 40 నగరాల్లో 108 ఫ్రీక్వెన్సీలు పెట్టారు. లైసెన్సు రుసుము ఏటా 15 శాతం పెరుగుతూ పోవాలన్నది షరతు. ఉత్సాహంలో పాడినవారిలో చాలామంది లెక్క చూసుకుని వెనక్కి తగ్గారు. చివరికి పనిచేసినవి ఇరవై చిల్లర స్టేషన్లు. 2001 జులైలో బెంగళూరులో మొదలైన రేడియో సిటీ వాటిలో మొదటిది. ఆ అనుభవంతో 2005లో పద్ధతి మార్చారు. ప్రవేశ రుసుము ఒక్కసారి కట్టాలి, ఆ తర్వాత ఏటా రాబడిలో 4 శాతం చొప్పున వాటా ఇవ్వాలి. హైదరాబాదు, విజయవాడ, తిరుపతి, రాజమండ్రి, వరంగల్ శ్రోతలకు ప్రైవేటు ఎఫ్.ఎం. అలవాటైంది ఆ రెండో విడతతోనే. మూడో విడత విధానం 2011లో వచ్చింది, వేలం 2015లో మొదలైంది, లైసెన్సు గడువు 15 ఏళ్లయింది. ఆ వేలంలో ఢిల్లీలో ఒక్క ఫ్రీక్వెన్సీ ధర 169 కోట్ల రూపాయలు దాటింది. అంత సొమ్ము పెట్టగలిగేది ఎవరో చెప్పనక్కరలేదు.

హైదరాబాదులో రేడియో తిప్పి చూడండి. మిర్చి ముంబయి కేంద్రంగా ఉన్న టైమ్స్ గ్రూపుది. రెడ్ ఎఫ్.ఎం. చెన్నై సన్ గ్రూపుది. ఫీవర్ ఢిల్లీ హిందుస్థాన్ టైమ్స్ వారిది. రేడియో సిటీని 2015లో హిందీ పత్రిక దైనిక్ జాగరణ్ సంస్థ కొనుక్కుంది. బిగ్ ఎఫ్.ఎం. అనిల్ అంబానీ రిలయన్స్ నుండి అప్పుల దివాలా ప్రక్రియ గుండా చేతులు మారింది. కొన్ని పట్టణాల్లో ఈనాడు వారి ఎఫ్.ఎం. కూడా ఉంది. మైకు ముందు మాట్లాడేది మన పిల్లలే, పాటలు మన సినిమాలవే. కానీ ఏ కార్యక్రమం ఉంచాలో ఏది తీసేయాలో నిర్ణయించే బల్ల చాలావరకు మన ఊళ్లో లేదు. ఇందులో తప్పు పట్టడానికి ఏముంది, వ్యాపారం అంటే అంతే కదా అనవచ్చు. వ్యాపారమే. కాకపోతే ఇది ప్రజల ఆస్తి మీద చేసే వ్యాపారం.

దీనికి అడ్డుకట్టలు లేకపోలేదు. ఒక నగరంలో ఒకే సంస్థ మొత్తం ఛానళ్లలో 40 శాతానికి మించి పట్టుకోకూడదు, కనీసం ముగ్గురు వేర్వేరు యజమానులు ఉండాలి. దేశం మొత్తం మీద చూస్తే 15 శాతం దాటకూడదన్న నిబంధన కూడా ఉండేది. 2023 అక్టోబరులో ప్రభుత్వం ఆ 15 శాతం పరిమితిని ఎత్తివేసింది. చిన్న నగరాల్లో పాడదలచిన కంపెనీకి ఉండాల్సిన కనీస ఆస్తి విలువను కోటిన్నర నుండి కోటి రూపాయలకు తగ్గించింది కూడా అప్పుడే. ఈ రెండోది స్థానికులకు మేలు చేసే మార్పు, మెచ్చుకోవాలి. మొదటిది పెద్దవాళ్లకు తెరిచిన తలుపు. దీనికి తోడు, ఒక సంస్థ తన స్టేషన్లన్నిటిలో ఒకే కార్యక్రమాన్ని ప్రసారం చేసుకోవడానికి మూడో విడత విధానం అనుమతిస్తుంది. అంటే హైదరాబాదు స్టూడియోలో చేసిన కబుర్లు ఒంగోలులో "మన ఒంగోలు" అనే పేరుతో వినిపించినా ఆశ్చర్యపోనక్కరలేదు.

ఇలా తలుపు తెరిస్తే ఏమవుతుందో అమెరికా ముందే చూసింది. 1996 వరకు అక్కడ ఒక సంస్థ దేశం మొత్తం మీద 40 రేడియో స్టేషన్లకు మించి ఉంచుకోకూడదు. ఆ ఏడాది చట్టం మార్చి పరిమితి తీసేశారు. కొన్నేళ్లలోనే క్లియర్ ఛానల్ అనే ఒక్క కంపెనీ చేతిలో 1,200 పైగా స్టేషన్లు చేరాయి. 2002 జనవరిలో నార్త్ డకోటా రాష్ట్రంలోని మైనాట్ పట్టణం దగ్గర అర్ధరాత్రి దాటాక గూడ్సు రైలు పట్టాలు తప్పి అమోనియా వాయువు కమ్మేసింది. ఒకరు చనిపోయారు, వందలమంది ఆసుపత్రి పాలయ్యారు. ఆ పట్టణంలోని వాణిజ్య స్టేషన్లలో ఆరు క్లియర్ ఛానల్‌వే. ప్రజలను హెచ్చరించాలని పోలీసులు ఫోను చేస్తే వెంటనే అందుకున్నవారు లేరు. అత్యవసర సమాచార పరికరాన్ని పోలీసులే సరిగ్గా వాడలేదని కంపెనీ వాదించింది. ఆ వాదనలో కొంత నిజం ఉండవచ్చు. కానీ రాత్రివేళ ఊళ్లో ఒక మనిషి కూర్చుని ఉన్న రేడియోకూ, దూరం నుండి పాటలు నడిపే రేడియోకూ తేడా ఏమిటో ఆ రాత్రి అందరికీ తెలిసింది.

మన దగ్గర పరిస్థితి ఇంకా విచిత్రం. ఊళ్లో మనిషి కూర్చుని ఉన్నా అతను వార్త చెప్పకూడదు. ప్రైవేటు ఎఫ్.ఎం.లో వార్తలు, వర్తమాన వ్యవహారాల చర్చ నిషిద్ధం. కావాలంటే ఆకాశవాణి బులెటిన్‌ను ఒక్క ముక్క మార్చకుండా తిరిగి వినిపించవచ్చు. ట్రాఫిక్, వాతావరణం, ఆటల పోటీలు, పరీక్షా ఫలితాలు, కరెంటు, నీళ్లు, తుఫాను, ఆరోగ్య హెచ్చరికలు, వీటిని వార్తలుగా లెక్కపెట్టరు కాబట్టి చెప్పవచ్చు. విపత్తుల మాటైతే స్థానిక అధికారులు ఇచ్చిన సమాచారం వరకే.

2014 అక్టోబరు 12న హుద్‌హుద్ విశాఖను తాకినప్పుడు కరెంటు పోయింది, సెల్‌ఫోన్లు మూగబోయాయి. 2024 సెప్టెంబరు మొదట్లో బుడమేరు పొంగి విజయవాడ సింగ్‌నగర్ రోజుల తరబడి నీళ్లలో ఉంది. అలాంటి వేళ బ్యాటరీతో నడిచే చిన్న రేడియోను మించిన సాధనం లేదు. "ఫలానా రోడ్డు మూసేశారు, ఫలానా చోట పడవలు ఉన్నాయి" అని ప్రైవేటు ఎఫ్.ఎం. చెప్పవచ్చు. "బుడమేరు గట్టు ఎందుకు తెగింది, మా వీధికి పాల ప్యాకెట్లు ఎందుకు రాలేదు" అని అదే స్టేషను ఒక అధికారిని నిలదీస్తే అది వర్తమాన వ్యవహారం కిందికి వచ్చేస్తుంది. ఇదే ప్రశ్న పక్కన ఉన్న టీవీ ఛానల్ రోజంతా అడగవచ్చు, పత్రిక మొదటి పేజీలో అచ్చు వేయవచ్చు, ఫోనున్న ప్రతి కుర్రవాడూ యూట్యూబులో అడగవచ్చు. రేడియోకు మాత్రమే నోటికి గుడ్డ.

ఈ నిషేధాన్ని ప్రశ్నిస్తూ కామన్ కాజ్ అనే సంస్థ 2013లో సుప్రీంకోర్టుకు వెళ్లింది. దేశ భద్రత, ఇన్ని స్టేషన్లను గమనించే యంత్రాంగం లేకపోవడం, ఇవీ ప్రభుత్వం చూపిన కారణాలు. వందలాది టీవీ వార్తా ఛానళ్లను గమనించగలిగిన యంత్రాంగానికి రేడియో ఎందుకు బరువవుతుందో మాకు బోధపడదు. 2023 సెప్టెంబరులో టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ స్వయంగా గంటకు పది నిమిషాలకు మించకుండా ప్రైవేటు ఎఫ్.ఎం.లో వార్తలను అనుమతించాలని సిఫారసు చేసింది. ఆ తర్వాతి నెలలోనే ప్రభుత్వం 15 శాతం పరిమితిని తీసేసిందని పైన చెప్పాం. వార్తల సిఫారసును మాత్రం వాటితో కలిపి ఆమోదించలేదు. పరిశ్రమ అడిగిన వెసులుబాటు దక్కింది, శ్రోతకు కావలసింది ఆగింది. ఎవరు పట్టుకోవాలన్న దగ్గర అదుపు సడలించి, ఏం మాట్లాడాలన్న దగ్గర బిగించి ఉంచడం తలకిందుల నియంత్రణ అని మా అభిప్రాయం.

ఇక సంఘాల స్టేషను సంగతి. జవాబు సూటిగా, పెట్టుకోకూడదు. మత సంస్థకు చెందిన లేదా దాని అదుపులో ఉన్న కంపెనీ ప్రైవేటు ఎఫ్.ఎం. వేలానికి అనర్హం. రాజకీయ పార్టీలదీ, ప్రకటనల ఏజెన్సీలదీ, ట్రస్టులూ సొసైటీల అధీనంలోని కంపెనీలదీ అదే స్థితి. ఈ నిబంధన అన్ని మతాలకూ ఒకటే. మతపరమైన ఉద్దేశంతో చేసే ప్రకటనలను కూడా ఆకాశవాణి ప్రకటనల నియమావళి ఒప్పుకోదు, ప్రైవేటు స్టేషన్లు కూడా ఆ నియమావళినే పాటించాలి. మన పెద్దల తరం తెలుగు సువార్త ప్రసారాలను సీషెల్స్ దీవుల ఫెబా నుండి, శ్రీలంక తీరంలోని ట్రాన్స్ వరల్డ్ రేడియో నుండి, మనీలాలోని రేడియో వెరితాస్ నుండి గరగర శబ్దాల మధ్య చెవి రిక్కించి విన్నది ఇందుకే. దేశంలో ప్రసారం ప్రభుత్వానిది కావడంతో తరంగం సముద్రం దాటి రావలసి వచ్చింది.

ఈ అనర్హతను ఎత్తివేయాలని కొందరు విశ్వాసులు కోరుతున్నారు. బ్రిటన్‌లో 1995 నుండి ప్రీమియర్ అనే క్రైస్తవ రేడియో లండన్‌లో నడుస్తోంది కదా అంటారు. మేము ఆ కోరికతో ఏకీభవించలేం. వేలంపాటలో మతాలు నిలబడితే ఎక్కువ డబ్బున్న గొంతే గెలుస్తుంది, అది చిన్న సంఘాల గొంతు అవుతుందని ఎవరూ పూచీ ఇవ్వలేరు. ఇంకో కారణం దీనికన్నా బరువైనది. రువాండాలో 1993లో ఆర్.టి.ఎల్.ఎం. అనే ప్రైవేటు రేడియో మొదలైంది. మంచి పాటలు, వీధి హాస్యం, యువతరం భాష. 1994లో అదే స్టేషను తుత్సీల పేర్లు, కార్ల నంబర్లు చదివి చంపమని ఉసిగొల్పింది. లక్షలమంది చనిపోయారు. ఆ దేశంలో అత్యధికులు క్రైస్తవులు. 2003లో అంతర్జాతీయ నేర ట్రిబ్యునల్ ఆ రేడియో స్థాపకుల్లో ఇద్దరికి శిక్ష వేసింది. యజమాని ఎవరో, అతని వెనుక ఎవరున్నారో అడిగే హక్కు సమాజానికి ఉండి తీరాలని చెప్పడానికి దీనికన్నా పెద్ద ఉదాహరణ మాకు తెలియదు. యాజమాన్యం మీద అదుపు మనకూ అడ్డు వస్తే రానివ్వండి.

అలాగని తలుపులన్నీ మూసి లేవు. 2006 నుండి స్వచ్ఛంద సంస్థలకు సామాజిక రేడియో అనుమతి ఇస్తున్నారు. ఇందులో వేలం లేదు. విద్యాసంస్థలు, కనీసం మూడేళ్లు స్థానికంగా సేవ చేసిన రిజిస్టరు సంస్థలు దరఖాస్తు పెట్టుకోవచ్చు. 100 వాట్ల ప్రసారిణి, సుమారు పది కిలోమీటర్ల పరిధి. కార్యక్రమాల్లో కనీసం సగం ఆ ప్రాంత ప్రజలు తామే చేసుకున్నవై ఉండాలి. దేశంలో ఇలాంటి స్టేషన్లు సుమారు ఐదు వందలున్నాయి. వాటిలో స్వచ్ఛంద సంస్థ నడిపిన మొట్టమొదటిది మన దగ్గరే పుట్టింది. జహీరాబాద్ దగ్గర మాచనూరులో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ వారి సంఘం రేడియో 2008 అక్టోబరు 15న ప్రసారం మొదలుపెట్టింది. చిరుధాన్యాల సేద్యం, విత్తనాలు, పల్లె వైద్యం, పాటలు, అన్నీ అక్కడి దళిత మహిళలే రికార్డు చేస్తారు. దీనికి కూడా వార్తల నిషేధం వర్తిస్తుంది, అది వేరే బాధ.

మన మిషను ఆసుపత్రులకు, కళాశాలలకు, నర్సింగు స్కూళ్లకు ఈ దారి తెరిచే ఉంది. ఇక్కడ ప్రసంగాలకు చోటు ఆశించకూడదు. వ్యవసాయం, ఆరోగ్యం, చదువు, స్త్రీల సమస్యలు, ఊరి సంస్కృతి, వీటి కోసమే ఈ అనుమతి. దరఖాస్తు కేంద్ర సమాచార, ప్రసార శాఖకు చేయాలి. ఇంకా, ట్రాయ్ ఏ సిఫారసైనా ఖరారు చేసేముందు సంప్రదింపుల పత్రం విడుదల చేసి అభిప్రాయాలు అడుగుతుంది. కంపెనీలే కాదు, సాధారణ శ్రోత ఎవరైనా వాటికి రాయవచ్చు. ఇంతవరకు ఎక్కువగా రాస్తున్నది కంపెనీలే.