కిలో లెక్కన అమ్మేసిన సినిమా చరిత్ర!

రెండేళ్ల క్రితం అమ్మమ్మ వాళ్ల పాత ఇల్లు ఖాళీ చేస్తుంటే అటక మీద ఓ రేకు పెట్టె దొరికింది. తెరిచి చూస్తే అన్నీ తాతయ్య దాచుకున్నవే... సినిమా పాటల పుస్తకాలు, చిరిగిన టికెట్ ముక్కలు, రంగు వెలిసిన కరపత్రాలు. ‘ఈ చెత్తంతా ఎందుకు?’ అనుకున్నా. పాత పేపర్లు కొనే అతనికి కిలో లెక్కన ఇచ్చేశా. ఆ డబ్బులతో సాయంత్రం టీ, సమోసా. పెట్టె మాత్రం పనికొస్తుందని అమ్మ ఉంచేసింది.

కొన్ని నెలలకు ‘సెల్యులాయిడ్ మ్యాన్’ డాక్యుమెంటరీ చూశా. శివేంద్ర సింగ్ దుంగార్పూర్ 2012లో తీశారు. పి.కె.నాయర్ అనే ఆయన కథ అది. చూస్తున్నంతసేపూ నాకు ఆ పెట్టే గుర్తొచ్చింది.

నాయర్‌ది తిరువనంతపురం. పుట్టింది 1933లో. చిన్నప్పట్నుంచీ సినిమా పిచ్చి. చూసిన సినిమా టికెట్ ముక్కని కూడా పారేసేవారు కాదట. ఆ పిల్లాడే పెద్దయ్యాక, 1964లో పుణెలో మొదలైన నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్‌కి ప్రాణం పోశారు. 1991లో రిటైరయ్యేసరికి అక్కడ దాదాపు 12 వేల సినిమాలు చేరాయి. అందులో 8 వేలు మనదేశానివే!

అవేమీ ఊరికే రాలేదు. ఎక్కడో పాత రీళ్లున్నాయని తెలిస్తే చాలు, వెతుక్కుంటూ వెళ్లిపోయేవారు. ఫాల్కే తీసిన ‘కాళీయ మర్దన్’(1919)ని ఈరోజు మనం చూడగలుగుతున్నామంటే ఆయన చలవే. చీకటి హాల్లో చిన్న టార్చి పట్టుకుని, సినిమా చూస్తూనే నోట్సు రాసుకునేవారు.

అసలు సినిమాలు ఎలా మాయమైపోతాయి? అప్పటి నైట్రేట్ ఫిల్మ్ ఇట్టే అంటుకుంటుంది. వేడికీ తేమకీ పాడైపోతుంది. పైగా నలుపు తెలుపు ఫిల్మ్‌లో వెండి ఉంటుంది. ఆడటం అయిపోయాక ఆ వెండి కోసమే రీళ్లు అమ్మేసినవాళ్లు ఉన్నారు. మనదేశంలో సుమారు 1,700 మూకీలు వస్తే, నాయర్ కాపాడగలిగినవి వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. తొలి టాకీ ‘ఆలం ఆరా’ ప్రింటు లేదు. తెలుగువాళ్ల తొలి మూకీ ‘భీష్మ ప్రతిజ్ఞ’ లేదు. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ కూడా లేదు.

మరి సినిమానే లేనప్పుడు దాని గురించి మనకెలా తెలుస్తుంది? కాగితాల వల్లే! ‘భక్త ప్రహ్లాద’ 1931 సెప్టెంబరు 15న విడుదలైందని చాలాకాలం అనుకున్నాం. జర్నలిస్టు రెంటాల జయదేవ పాత కాగితాలన్నీ తవ్వి తీసి, 1932 ఫిబ్రవరి 6న బొంబాయిలో విడుదలైందని తేల్చారు. ఆ కాగితాల్ని కూడా నాలాంటి వాడెవడో అమ్మేసి ఉంటే?

తాతయ్య పుస్తకాల్లో ఏమున్నాయో నేను కనీసం తిరగేసి చూడలేదు. ఒక్క ఫొటో కూడా తీయలేదు. చేతిలో ఫోన్ ఉంది... అయినా తీయలేదు.

2016లో నాయర్ వెళ్లిపోయారు. ఆయనలా ఊరూరా తిరగడం మనవల్ల కాకపోవచ్చు. అటక ఎక్కడం అవుతుంది కదా! పాత పాటల పుస్తకమో కరపత్రమో దొరికితే, అమ్మే ముందు ప్రతి పేజీనీ ఫొటో తీయండి. ఎవరిదో, ఏ ఊళ్లో దొరికిందో రాసిపెట్టండి. వీలైతే అసలుదీ దాచండి.

రేకు పెట్టె ఇప్పుడు నా గదిలో ఉంది. మొన్న మా ఊరి థియేటర్లో ఇంకా కాగితం టికెట్టే ఇచ్చారు. సగం చించిన ఆ ముక్కని తెచ్చి అందులో వేశా.