టెంపరరీ ఉద్యోగం పర్మినెంటు అయ్యేదెప్పుడు?



"మా వారిది గవర్నమెంటు ఉద్యోగమేనండీ, కాకపోతే ఇంకా టెంపరరీ" - ఈ మాట మనం ఇరుగుపొరుగు నోట తరచూ వింటూనే ఉంటాం. ఆ "ఇంకా" అనే మాటలోనే పదేళ్ళూ, పదిహేనేళ్ళూ గడిచిపోతాయి. చేసే పని పక్క కుర్చీలో ఉన్నాయనతో సమానమే. జీతం మాత్రం తక్కువ, రిటైరయ్యాక పింఛను ఆశ లేదు. ఇన్నేళ్ళు చేశాక దానంతటదే పర్మినెంటు అయిపోదా అనుకుంటాం. అవదు. ఎందుకవదో తెలిస్తే ఏం చెయ్యాలో కూడా తెలుస్తుంది.

ప్రభుత్వోద్యోగం అందరి సొత్తు. అందులో అందరికీ సమానావకాశం ఉండాలని రాజ్యాంగంలోని 16వ అధికరణం చెబుతోంది. అంటే ఖాళీని ప్రకటించాలి, అర్హులందరినీ పిలవాలి, రిజర్వేషన్లు పాటించి ఎంపిక చెయ్యాలి. మస్టరు రోలు మీద దినసరి కూలికి పెట్టుకున్నవారిని చాలాచోట్ల అలా ఎంపిక చెయ్యలేదు. చిక్కంతా అక్కడే వచ్చింది.

మన ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1994 నాటి చట్టం ఇలాంటి నియామకాలకు అడ్డుకట్ట వేసింది. అప్పటికే పనిలో ఉన్నవారికి అదే ఏడు ఏప్రిల్ 22న వచ్చిన 212 నంబరు జీ.వో. ఒక దారి చూపింది. 1993 నవంబరు 25 నాటికి అయిదేళ్ళ సర్వీసు నిండి, చదువూ వయసూ సరిపోయి, ఖాళీ పోస్టు ఉంటే పర్మినెంటు చెయ్యవచ్చునంది. ఆ తేదీకి అయిదేళ్ళు నిండనివారు దాని కిందికి రాలేదు.

తరువాత 2006 ఏప్రిల్ 10న ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు పెద్ద తీర్పే చెప్పింది. ఎన్నేళ్ళు చేసినా పర్మినెంటు కావడం హక్కు కాదంది. అయితే ఒక తేడా చూపించింది. మంజూరైన పోస్టులో, అర్హత ఉన్న మనిషిని తీసుకుని, ఎంపిక పద్ధతిలో మాత్రం లోపం జరిగితే అది ఒక రకం. పోస్టే లేకుండానో, అర్హతే లేకుండానో తీసుకుంటే అది వేరే రకం. మొదటి రకంవారు కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్ళు పనిచేసి ఉంటే, ఒక్కసారికి వారిని క్రమబద్ధం చెయ్యాలంది.

ఆ తీర్పును చూపించి అందరినీ కాదు పొమ్మనడం కూడా తప్పేనని 2024 డిసెంబరు 20న జగ్గో కేసులో అదే కోర్టు తేల్చింది. కేంద్ర జల సంఘంలో ఏళ్ళ తరబడి ఊడ్చే పనీ, తోటపనీ చేసినవారిని పర్మినెంటు చెయ్యమని ఆదేశించింది.

పర్మినెంటు కాకముందు కూడా కొన్ని హక్కులున్నాయి. మస్టరు రోలు మీద పనిచేసే స్త్రీలకూ జీతంతో ప్రసూతి సెలవు ఇవ్వాలని 2000 మార్చి 8న, సరిగ్గా మహిళా దినోత్సవం నాడే, ఢిల్లీ నగరపాలక సంస్థ కేసులో తీర్పు వచ్చింది. పనీ బాధ్యతా ఒకటే అయినప్పుడు ఆ పోస్టు స్కేలులోని కనీస జీతం తాత్కాలికులకూ చెల్లించాలని 2016లో జగ్జీత్ సింగ్ కేసులో చెప్పారు.

ఇక మన చేతిలో ఉన్న పని చెబుతాను. మొదటి రోజు ఇచ్చిన ఉత్తర్వు, జీతం చీటీలు, బ్యాంకు పుస్తకాలు, చేసిన పనికి ఆఫీసువారిచ్చిన సర్టిఫికెట్లు - ఇవన్నీ తేదీల వరుసన ఒక ఫైలులో పెట్టండి. పాత కాగితాలని తూకానికి వెయ్యకండి. పోస్టు మంజూరైనదా కాదా, మస్టరులో పేరు ఏ తేదీ నుంచి ఉంది అన్నవి 2005 నాటి సమాచార హక్కు చట్టం కింద రాతపూర్వకంగా అడగవచ్చు. యజమానిగా కాగితం మీద ఉన్నది ఆఫీసా, ఏజెన్సీయా అన్నది కూడా చూసుకోండి. ఏజెన్సీ పేరుంటే వ్యవహారం మరింత కష్టమవుతుంది.

"ఇంత ఇస్తే పర్మినెంటు చేయిస్తాం" అనే మధ్యవర్తులు మాత్రం గుమ్మం ఎక్కకుండా చూడండి. వాళ్ళ కోసం గాజులు కుదువ పెడితే గాజులూ పోతాయి, ఉద్యోగమూ రాదు. ఏళ్ళ సర్వీసుకు సాక్ష్యం చెప్పేది ఆ ఫైలే. దానిని నగలతో సమానంగా బీరువాలో దాచుకోండి.