మార్కస్ బార్ట్లే ఛాయాగ్రహణం: జానపదం నుంచి సముద్రతీరం దాకా

తెలుగు సినిమాపై వచ్చిన విమర్శలో కథకు, పాటకు, నటనకు దక్కిన చోటు ఛాయాగ్రహణానికి దక్కలేదు. ‘మాయాబజార్’ను ప్రస్తావించే వ్యాసాలలో పింగళి నాగేంద్రరావు మాటలకు పుటలు కేటాయించి, మార్కస్ బార్ట్లేకు ఒక వాక్యంతో సరిపెట్టడం పరిపాటి. ఆ వాక్యం కూడా సాధారణంగా ‘అద్భుతమైన ట్రిక్ ఫోటోగ్రఫీ’ అన్న ప్రశంసతోనే ముగుస్తుంది. ఆయన కృషిలో ట్రిక్కు ఒక భాగం మాత్రమే.

ఆంగ్లో-ఇండియన్ అయిన బార్ట్లే వార్తాచిత్రాల నుంచి కథాచిత్రాలకు వచ్చారు. బి.ఎన్.రెడ్డి ‘స్వర్గసీమ’ (1945)కు, కె.వి.రెడ్డి ‘గుణసుందరి కథ’ (1949)కు పనిచేశాక విజయా సంస్థ చిత్రాలకు ప్రధాన ఛాయాగ్రాహకులయ్యారు. ‘షావుకారు’ (1950) గ్రామీణ వాస్తవికత, ‘పాతాళభైరవి’ (1951) జానపదం, ‘మిస్సమ్మ’ (1955) సాంఘిక హాస్యం, ‘మాయాబజార్’ (1957) పౌరాణికం. ఏడేళ్ల వ్యవధిలో ఇన్ని రీతులను ఒకే వ్యక్తి చిత్రీకరించినా, ఒకదాని వెలుగు మరొకదానిలోకి చొరబడదు. ‘పాతాళభైరవి’లో మాంత్రికుని గుహను చీకటే నిర్మిస్తుంది; ముఖంలో సగం నీడలో ఉండిపోతుంది. ‘మిస్సమ్మ’లో ఆ నీడలకు పనిలేదు. అక్కడ హాస్యమంతా కనుబొమల కదలికలో, ఓరచూపులో ఉంది కనుక ముఖాలు స్పష్టంగా కనబడాలి. అందుకే ఆ చిత్రంలో కెమెరా తన ఉనికిని చాటుకోదు. ప్రేక్షకుడు గమనించని ఈ సంయమనం మాయలు చేయడం కన్న తేలికైనదేమీ కాదు.

‘మాయాబజార్’లో ఈ రెండు పద్ధతులూ కలుస్తాయి. శశిరేఖ ‘ప్రియదర్శిని’ పేటికలో అభిమన్యుణ్ణి చూసే సన్నివేశంలో ఒక బొమ్మలో మరో బొమ్మ ఇమడాలి. కంప్యూటర్ లేని కాలంలో ఇటువంటి దృశ్యాలకు ప్రధానాధారం ఫ్రేములో కొంత భాగాన్ని మూసి చిత్రీకరించడం, ఫిల్మును వెనక్కి తిప్పి మిగిలిన భాగాన్ని మళ్లీ ఎక్స్‌పోజ్ చేయడం. కెమెరా వెంట్రుకవాసి కదిలినా అతుకు బయటపడుతుంది. అందువల్ల ఇక్కడ నైపుణ్యమంటే కల్పనాశక్తి ఎంతో, లెక్క, ఓర్పు కూడా అంతే.

అయితే ఆ చిత్రంలో బార్ట్లే ప్రతిభకు గీటురాయి నౌకావిహార గీతం. తెలుగు తెరపై వెన్నెల భ్రాంతిని సృష్టించిన తొలి దృశ్యంగా దీనిని పేర్కొంటారు. ఇందులో కొంత మద్రాసు సమీపాన ఎన్నూరులో తీసినది, కొంత స్టూడియోలో తీసినది. నిజమైన వెన్నెలకు ఆనాటి ఫిల్ము స్పందించలేదు. కాబట్టి వెన్నెలను పట్టుకోవడం కాదు, పుట్టించడమే మార్గం. బయటి నీటికి, లోపలి నీటికి ఒకే తళుకు, ముఖాలకు ఒకే మెత్తదనం రావాలి. చూసేవారికి అతుకు స్ఫురించదు. తెలుగు ప్రేక్షకులు వెన్నెల అనగానే తలచుకునే ఆ దృశ్యాన్ని తెలుగు మాతృభాష కాని వ్యక్తి తీర్చిదిద్దారన్నది గమనార్హం.

విజయా చట్రం దాటాక ఆయన పరీక్ష మారింది. రాము కరియత్ మలయాళ చిత్రం ‘చెమ్మీన్’ (1965) వర్ణచిత్రం. కేరళ తీరంలోని జాలరుల కథ. స్టూడియోలో దీపాన్ని జరపవచ్చు, సముద్రంపై సూర్యుణ్ణి జరపలేరు. సెట్లలో ప్రతి కిరణాన్నీ శాసించిన ఛాయాగ్రాహకుడు ఇక్కడ వెలుగు కోసం వేచి ఉండవలసిన స్థితికి వచ్చారు. ఆ చిత్రానికి రాష్ట్రపతి స్వర్ణపతకం లభించింది. తమిళ చిత్రం ‘శాంతి నిలయం’ (1969)కు వర్ణ ఛాయాగ్రహణ విభాగంలో బార్ట్లే జాతీయ పురస్కారం అందుకున్నారు. నలుపు-తెలుపులో పేరొందిన వ్యక్తిని దేశం రంగుల చిత్రానికి గౌరవించింది!

2010లో ‘మాయాబజార్’ను రంగులద్ది విడుదల చేశారు. కొత్త తరాన్ని థియేటరుకు రప్పించిన ఆ ప్రయత్నాన్ని తేలికగా కొట్టివేయలేము. కానీ ఛాయాగ్రహణ దృష్టితో చూస్తే అందులో నష్టముంది. నలుపు-తెలుపు చిత్రంలో ఎరుపు చీర, ఆకుపచ్చ తెర ఒకే బూడిదవన్నెగా నమోదు కావచ్చు. వాటిని విడదీసే భారమంతా కాంతిదే. పాత్ర భుజం అంచున ఒక వెలుగురేఖ వేసి నేపథ్యం నుంచి వేరుచేయడం ఆ అవసరం నుంచే పుట్టింది. రంగు వచ్చి ఆ విభజన తానే చేసినప్పుడు వెలుగురేఖ అలంకారంగా మిగిలిపోతుంది. ఇప్పుడు టీవీలోనో ఫోనులోనో రంగుల ప్రతినే మొదట చూసిన విద్యార్థికి బార్ట్లే చేసిన పని ఏమిటో వివరించాలంటే, పాత ప్రతిలోని నౌకావిహారాన్ని శబ్దం తగ్గించి ఒకసారి చూపించడం మేలు.